సున్నాలో నిలబడేవాడు

బాస్కెట్‌బాల్ ఆటలో చూడదగ్గది మొదలొక్కటే. ఆ తర్వాత జరిగేదంతా పదిమంది మనుషులు ఒక్క బంతి కోసం ఎండలో పడే అవస్థ. కోర్టు నడిమధ్య సున్నంతో గీసిన గుండ్రని గీత ఉంటుంది. ఉదయగిరిలో మేం దాన్ని సున్నా అనేవాళ్లం. ఈ జట్టు నుంచి ఒకడు, ఆ జట్టు నుంచి ఒకడు ఆ సున్నాలో ఎదురెదురుగా నిలబడతారు. మిగిలినవాళ్లు గీత బయట, భోజనాల పంక్తిలో చోటు దొరకని చుట్టాల్లాగా మూతులు ముడుచుకుని నిలబడతారు. రిఫరీ ఇద్దరి మధ్యా బంతిని నిట్టనిలువుగా పైకి విసురుతాడు. అది ఎక్కగలిగినంత ఎత్తు ఎక్కి, ఇక దిగుదామా అని ఆలోచించుకునే వేళకు ఇద్దరూ ఎగిరి, చేత్తో తట్టి, తమవాళ్ల వైపు పంపాలి. పట్టుకోకూడదు. పైకి పోతుండగా తాకకూడదు. ఎవడి చెయ్యి తగిలితే వాడి జట్టుది మొదటి బంతి.

ఆ రెండు క్షణాలు ఊరంతా రెప్ప వెయ్యకుండా ఆ ఇద్దరినే చూస్తుంది. బీడీ వెలిగించుకోబోయినవాడు అగ్గిపుల్ల వేలిదాకా కాలినా చూసుకోడు. మజ్జిగ తాగుతున్న హెడ్మాస్టరుగారి గొంతులో మజ్జిగ నిలబడిపోతుంది. పదో తరగతిలో ఉండగా నాకు ఆ సున్నాలో నిలబడాలని కోరిక పుట్టింది. పదో తరగతి పాసవ్వాలని కూడా నాకు అంత కోరిక ఉండేది కాదు. ఆ సంగతి మార్కులు చూసినవాళ్లందరికీ తెలుసు.

డెబ్బైల చివర్లో మా హైస్కూలుకు కొత్తగా ఒక డ్రిల్లు మాస్టారు వచ్చారు. ఆయన వెంట ఒక ట్రంకు పెట్టె, ఒక ఈల, ఒక బాస్కెట్‌బాల్ వచ్చాయి. అంతకుముందు మాకు తెలిసిన ఆట కబడ్డీ ఒక్కటే. దానికి పెట్టుబడి చర్మం మాత్రమే. కొండ కింద ఎర్రమట్టి చదును చేసి, రెండు స్తంభాలు పాతి, వాటికి పలకలు బిగించాం. రింగులు చెయ్యమని ఊళ్లో కమ్మరికి చెబితే, ఆయన బండిచక్రానికి వేసే ఇనపపట్టాతో చేసుకొచ్చాడు. అందులోంచి బంతితోపాటు చిన్న దూడ కూడా సులభంగా దూరేది. మాస్టారు దాన్ని చూసి కాసేపు నెత్తిమీద చెయ్యి పెట్టుకుని, తర్వాత రెండు మూడుసార్లు కోయించి చిన్నది చేయించారు. మా అవ్వ మాత్రం బంతిని చూసి, "ఇంత గుమ్మడికాయ ఏ ఊర్లో కాసిందిరా?" అంది.

ఇక నా దురదృష్టం సంగతి. అది నా బెంచీలోనే, నా పక్కనే, నా ఇంకుపెన్ను అరువు తీసుకుంటూ కూర్చునేది. లారీ డ్రైవరుగారి అబ్బాయి. ఇంట్లో ఉర్దూ మాట్లాడేవాడు, మాతో తెలుగు మాట్లాడేవాడు, బంతితో మాత్రం ఇంకేదో మూడో భాష మాట్లాడేవాడు. ఏది చెబితే అది వినేది బంతి. ఊళ్లో నాకంటే మంచి స్నేహితుడు వాడికి లేడు, వాడికంటే మంచి స్నేహితుడు నాకు లేడు. అయినా వాణ్ని చూస్తే నాకు ఒంట్లో ఎక్కడో పొగ లేచేది. మామూలు మనుషులకు అసూయ గుండెలో పుడుతుందంటారు. నాకు మోకాళ్లలో పుట్టేది.

ఎందుకంటే మేమిద్దరం ఒకటే ఎత్తు. మాస్టారు మమ్మల్ని వీపుకు వీపు ఆనించి నిలబెట్టి, రెండు తలల మీదా స్కేలు పెట్టి, స్కేలు మీద గోలీ పెట్టారు. గోలీ ఎటూ దొర్లలేదు. గాలికి కూడా దొర్లలేదు. కాబట్టి సున్నాలో నిలబడే యోగ్యత ఇద్దరికీ సమానం. కానీ ఎగరమన్నప్పుడే తేడా బయటపడింది. మాస్టారి చేతిలో బంతి చిన్నగా కదిలిందంటే చాలు, నేను ఎగిరేవాణ్ని. పైకి పోయి, నలువైపులా చూసి, కొండమీది కోటను కూడా ఒకసారి పలకరించి, కిందికి దిగివస్తుంటే దారిలో బంతి నాకు ఎదురయ్యేది.

"ఏమిరా, బంతి రాకముందే పైకిపోయి దానికి రూము తీస్తా ఉండావా?" అనేవారు మాస్టారు.

వాడు అలా కాదు. బంతి పైకి పోతుంటే వీధిలో పోయే ఊరేగింపును చూసినట్టు తీరిగ్గా చూసేవాడు. నేను దిగుతుండగా వాడు ఎగిరేవాడు. రెండు వేళ్లతో, నిద్రపోయే పిల్లాణ్ని లేపినట్టు సుతారంగా తట్టేవాడు.

"తొందరేందిరా నీకు?" అనేవాడు మళ్లీ నాతోనే. "అది యాడికి పోతాది? పైన దానికేమన్నా చుట్టాలుండారా? దిగేటప్పుడు తట్టు."

సలహా మంచిదే. సలహా ఇచ్చినవాడు వాడు కావడం వల్ల నేను దాన్ని తీసుకోలేదు. ఇంటికి వెళ్లి వేపచెట్టు కొమ్మకు వేలాడ్డం మొదలుపెట్టాను. పొద్దున వేలాడేవాణ్ని, సాయంత్రం వేలాడేవాణ్ని. నేను పెరగలేదు గాని చేతులు సాగాయి. అత్తిపత్తి మొక్కను ముట్టుకోవాలంటే ఊళ్లో అందరూ వంగేవాళ్లు, నేను నిలబడే ముట్టుకునేవాణ్ని. మా అవ్వ జాలిపడి రాగిసంగటి ముద్దలు పెంచింది. ఆ ముద్దల బరువుకు నేను ఎగిరే ఎత్తు ఇంకాస్త తగ్గింది.

అలాంటి రోజుల్లో ఆత్మకూరు హైస్కూలు జట్టు మా ఊరికి వచ్చి ఆడుతుందని కబురు వచ్చింది. మాస్టారు ప్రార్థన అయ్యాక అందరి ముందూ, సున్నాలో డ్రైవరుగారి అబ్బాయి నిలబడతాడని చెప్పేశారు. పిల్లలు చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను. నా చప్పట్లలో ఉన్నంత విషం మా కొండమీది పాముల్లో కూడా ఉండదు.

ఇంటికిపోయి అన్నం మానేశాను. అవ్వ కారణం అడిగింది. చెప్పాను. ఆమెకు బాస్కెట్‌బాల్ తెలియదు, సున్నా తెలియదు. మనవడికి రావలసిన చోటు ఇంకొకరికి పోయిందన్న ముక్క మాత్రం బాగా తెలిసింది. వరికుంటపాడు దగ్గరి పల్లెలో ఉండే మా పెదనాయనకు కబురు పంపింది. పెదనాయన పొలాలున్న మనిషి. చుట్టుపక్కల ఏ తగువైనా ఆయన అరుగెక్కకుండా తేలేది కాదు. తెల్లని పంచె, దానికంటే తెల్లని మీసం, చేతిలో పొన్నుకర్ర. ఆయన దగ్గితే ఆ పల్లెలో కోళ్లు కూడా కూత ఆపి, ఏం చెబుతాడోనని చూసేవి.

ఆయన హెడ్మాస్టరుగారి దగ్గరికి మనిషిని పంపాడు. హెడ్మాస్టరుగారు వెంటనే ఆయన్నే ముఖ్య అతిథిగా పిలిచేశారు. ఆ కాలంలో మా వైపు ఏ ఆటైనా ఊళ్లో పెద్దమనిషి చేతుల మీదుగానే మొదలవ్వాలి. ఈ ఆటను ఆయనే బంతి పైకి విసిరి ప్రారంభిస్తారని తేలింది. నా విషయంలో డ్రిల్లు మాస్టారు ఒక దారి కనిపెట్టారు. అప్పటి నిబంధనల ప్రకారం రెండో సగం కూడా సున్నాలో ఎగరడంతోనే మొదలయ్యేది.

"మొదటి సగం వాడు ఎగురుతాడు. రెండో సగం నువ్వు ఎగురు. ఇంక మీ పెద్దోళ్లను నా మీదికి తోలబాక," అన్నారు.

ఆ సంగతి వాడికి చెబితే వాడి ముఖం వెలిగిపోయింది. "మంచిదేరా! ఇద్దరం ఎగుర్తామన్నమాట!" అన్నాడు. చోటు సగం పోయినవాడు అలా సంతోషించడం నాకు అనుమానంగా తోచింది. దీన్లో ఏదో ఎత్తు ఉందనుకుని ఆ రాత్రి నిద్రపోలేదు.

ఆట రోజు వచ్చింది. ఉదయగిరి మొత్తం కోర్టు చుట్టూ ఉంది. దుకాణాలు మూసేశారు. మూయనివాళ్లు దుకాణాన్ని భుజాన వేసుకొచ్చి అక్కడే పెట్టారు. ఆత్మకూరు జట్టులో సున్నాలో నిలబడేవాడు పదో తరగతిలో స్థిరనివాసం ఏర్పరచుకున్న మనిషి. నిండు మీసం. వాడి పక్కన మా వాళ్లు వాడి పిల్లల్లాగా ఉన్నారు. అన్నీ సిద్ధం, పెదనాయన మాత్రం రాలేదు. ఆయన ఎక్కిన బస్సు దారిలో ఆగిపోయిందని ఎవరో సైకిలు మీద వచ్చి చెప్పారు. ఆత్మకూరు వాళ్లు సాయంత్రం బస్సు పట్టుకోవాలి. చేసేది లేక డ్రిల్లు మాస్టారే బంతి విసిరారు.

వాడు ఎగిరాడు. ఈ మాట రాయడానికి ఇప్పటికీ పెన్ను మొరాయిస్తుంది. మీసాలవాడు తాటిచెట్టంత లేచాడు, మావాడు ఆ తాటిచెట్టు మీది కాకి అంత లేచాడు. గాలిలో ఒక క్షణం కూర్చున్నాడు కూడా. ఎవరైనా వక్కపలుకు ఇస్తే నమిలి దిగేవాడేమో. రెండు వేళ్లతో తట్టాడు. బంతి మావైపు వచ్చి పడింది. జనం వేసిన కేకకు కోటగోడల్లోని పావురాలు లేచి కలువాయి దాకా వెళ్లి, అక్కడ కాసేపు ఆగి, భయం తగ్గాక తిరిగి వచ్చాయి. నేను గీత బయట నిలబడి వాడి కాళ్ల వంకే చూశాను. నావీ అలాంటి కాళ్లే. అదే మట్టి, అదే గజ్జి మచ్చలు. వాడి కాళ్లకు ఎవరు నేర్పారు, నా కాళ్లకు ఎందుకు నేర్పలేదు అని ఆ సగం ఆటంతా ఆలోచించాను. మధ్యలో రెండుసార్లు బంతి నా చేతికి వస్తే విసుగ్గా ఎవరికో ఇచ్చేశాను.

విరామంలో పెదనాయన దిగాడు. చేతిలో కొబ్బరికాయ. వెనక ఇద్దరు మనుషులు, వాళ్ల చేతుల్లో కర్పూరం, పూలదండ.

"కాయ కొట్టకముందే ఆడేసినారా?" అన్నాడు. హెడ్మాస్టరుగారు ముందుకొచ్చారు. ఇప్పటిదాకా జరిగింది ఊరికే ఒళ్లు వెచ్చచేసుకోవడమనీ, అసలు ఆట తమ చేతుల మీదుగా ఇప్పుడే మొదలవుతుందనీ సర్దిచెప్పారు.

నా గుండె ఎగిరింది. నేను ఎగిరే వేళకు బంతి విసిరేది మా సొంత పెదనాయన! వాడికి వచ్చింది ఈల మాస్టారు, నాకు వచ్చింది కొబ్బరికాయ, కర్పూరం, దండ! ఇంతకంటే రాజయోగం ఉంటుందా? సున్నా మధ్యలో కాయ కొట్టారు. కర్పూరం వెలిగించారు. నేనూ మీసాలవాడూ ఎదురెదురుగా నిలబడ్డాం. మోకాళ్లు వంచాను. దిగేటప్పుడు తట్టాలి, దిగేటప్పుడు తట్టాలి అని లోపల జపం చేస్తున్నాను. ఆ మంత్రం ఎవరిదో మర్చిపోవాలని కూడా ప్రయత్నిస్తున్నాను.

డ్రిల్లు మాస్టారు బంతిని పెదనాయన చేతికిచ్చి, ఇద్దరి మధ్యా నిలువుగా విసరమని వివరించారు. పెదనాయన దాన్ని పురిటిబిడ్డలాగా పట్టుకుని మమ్మల్నిద్దర్నీ చూశాడు.

"విసిరితే ఏమైతాది?"

"ఇద్దరూ ఎగుర్తారండీ. ఎవరికందితే వాళ్లది."

"ఈ పిల్లోడిది ఏ ఊరు?"

"ఆత్మకూరండీ."

పెదనాయన ముఖం మారిపోయింది. "ఏందయ్యా ఇది? అంత దూరం నించి మనూరికొచ్చినోడితో బంతికోసం పెనుగులాడేది? చూసేవోళ్లు మనల్ని మనుషులంటారా?"

ఎవరూ నోరు విప్పేలోపే ఆయన రెండడుగులు ముందుకేసి, బంతిని రెండు చేతులతో మీసాలవాడికి అందించాడు. "తీసుకో నాయనా. మొగమాటపడబాక. ముందు మీరు ఆడండి, మిగిలింది మావోళ్లు ఆడతారు."

మీసాలవాడు మంచి ఇంటి పిల్లాడు. పెద్దాయన ఇచ్చింది కాదనలేదు. రెండు చేతులతో పుచ్చుకుని, తలవంచి నమస్కారం పెట్టి, పరిగెత్తుకెళ్లి మా రింగులో వేశాడు. డ్రిల్లు మాస్టారి నోట్లో ఈల ఉంది. కానీ ముఖ్య అతిథి మీద ఈల వేసే ధైర్యం ఏ నిబంధనల పుస్తకమూ ఆయనకు ఇవ్వలేదు. హెడ్మాస్టరుగారు చప్పట్లు కొట్టారు. హెడ్మాస్టరుగారు కొట్టాక ఊరంతా కొట్టింది. నేను మాత్రం మోకాళ్లు వంచి, చేతులు చాచి, తల పైకెత్తి, ఆకాశంలో లేని బంతి కోసం అలాగే ఉన్నాను. ఎవరో వచ్చి నన్ను నిటారుగా చెయ్యవలసివచ్చింది.

ఆట మేమే గెలిచాం. అదింకా పెద్ద బాధ. ఓడిపోయుంటే నేను ఎగరనందుకే ఓడిపోయామని చెప్పుకోవడానికన్నా ఉండేది. పోయేముందు పెదనాయన నా భుజం తట్టి, "అందరికన్నా నువ్వే వినయంగా వొంగి నిలబడినావురా. మన ఇంటి మర్యాద నిలిపినావు," అన్నాడు.

లారీ డ్రైవరుగారి అబ్బాయి నా పక్కకు వచ్చి కూర్చున్నాడు. "పోనీలేరా. మళ్లీ ఆట పెడితే రెండు సగాలూ నువ్వే ఎగురు," అన్నాడు. ఆ దయకు నాకు ఒళ్లు మండిపోయింది. మళ్లీ ఆట అన్నది జరగలేదు. కొన్నాళ్లకు ఉన్న ఒక్క బంతీ కంపచెట్లలో పడి ముల్లు దిగి ఊపిరి వదిలింది. మాస్టారికి బదిలీ అయ్యింది. రింగులకు చిక్కుడుతీగలు పాకాయి.

ఎనభైలు వచ్చాయి. నాకు ఆత్మకూరులో గుమాస్తా ఉద్యోగం దొరికింది. పొద్దుటి నుంచి సాయంత్రం దాకా కుర్చీలోంచి లేవనక్కర్లేని ఉద్యోగం. ఎగరడం సంగతి చెప్పనే అక్కర్లేదు. వాడు డ్రైవింగు నేర్చుకుని కువైట్ వెళ్లాడు. ఆత్మకూరు పిల్లనే పెళ్లి చేసుకుని, ఆ ఊళ్లోనే మొజాయిక్ గచ్చుతో ఇల్లు కట్టాడు. ఆ గచ్చులో నా ముఖం నాకు కనిపించేది. బాగా కనిపించేది కాదు, ఎందుకంటే ఆ ఇంట్లో ఉన్నంతసేపూ అది మాడిపోయి ఉండేది.

దశాబ్దం చివర్లో వాడు ఒకసారి సెలవు మీద వచ్చినప్పుడు ఆదివారం మధ్యాహ్నం కబురు పెట్టాడు. పోతే తలుపు దగ్గరే చెయ్యి పట్టుకుని లోపలికి లాక్కెళ్లాడు.

"రేయ్, మన ఆట తెచ్చినా. టీవీలో ఉండాది, చూడు!"

కలర్ టీవీ. దాని పక్కన గుడిగంటంత స్టెబిలైజరు. టీవీకి వైర్లతో తగిలించిన వీడియో గేమ్ పెట్టె, అందులో దూర్చే క్యాసెట్, చేత పట్టుకుని నొక్కడానికి బటన్లున్న రెండు చిన్న పలకలు. వాడు మీట వేయగానే టీవీలో కోర్టు వచ్చింది. చీమలంత మనుషులు వచ్చారు. వాళ్లలో ఇద్దరు నడిమధ్య సున్నాలో నిలబడ్డారు. చీమంత రిఫరీ బంతిని నిలువుగా విసిరాడు. అతిథి మర్యాదలేవీ తెలియని రిఫరీ! ఇన్నేళ్ల తర్వాత నన్ను మళ్లీ సున్నాలోకి పిలిచారు.

బటన్ నొక్కితే బొమ్మ ఎగురుతుంది. అంతే. నేను రిఫరీ చెయ్యి కదలగానే నొక్కాను. నా బొమ్మ పైకి పోయింది, ఒట్టి చేతులతో దిగింది. వాడు తట్టేశాడు.

"మళ్లీ మొదట్నించి పెట్టు," అన్నాను.

"ఆట ఆడమా?"

"ఆట తర్వాత. మొదలు పెట్టు."

పెట్టాడు. ఓడాను. మళ్లీ పెట్టాడు. మళ్లీ ఓడాను. పలకను మెత్తగా పట్టుకున్నాను, గట్టిగా పట్టుకున్నాను, దగ్గరగా జరిగాను, దూరంగా జరిగాను, ఫ్యాను ఆపించాను, మళ్లీ వేయించాను. వాడు టీవీ వంక సరిగ్గా చూడను కూడా చూడకుండా, కువైట్ ఎండల గురించి చెబుతూ, బిడ్డ ముక్కు తుడుస్తూ, సరైన క్షణంలో బటన్ మీద వేలు పెట్టేవాడు. నాకు వాడి ఇల్లు మీద అసూయ లేదు, గచ్చు మీద అసూయ లేదు, వాడు పూసుకున్న కువైట్ అత్తరు మీద కొంచెం ఉంది, ఆ వేలి మీద మాత్రం కొండంత ఉంది. లోపలి నుంచి వాడి భార్య కేకేసింది.

"ఏమండీ, పొద్దుగూకులా మొదలుపెట్టేదేనా? ఆట ఆడేది లేదా మీరు?"

ఇంతలో మసీదులో అజాన్ వినిపించింది. వాడు లేచి టోపీ పెట్టుకున్నాడు. "నమాజుకు పోయొస్తా. వొంటిగా ఆడుకో, ఆ పెట్టే నీతో ఎగుర్తాది," అని ఏదో మీట మార్చి వెళ్లిపోయాడు.

గదిలో నేను, టీవీ మిగిలాం. పక్కన వాడు లేడు. ఓడితే చూసేవాడు లేడు, గెలిస్తే చూసేవాడూ లేడు. రిఫరీ బంతి విసిరాడు. మొదటిసారిగా నేను బంతినే చూశాను. అది ఎక్కింది. పైన ఆగింది. ఏమీ తోచనట్టు అక్కడ కాసేపు నిలబడింది. ఇన్నేళ్లూ అది అక్కడ నిలబడుతుందని నాకు తెలియదు, ఆ వేళకు ఎప్పుడూ నా చూపు వాడి కాళ్ల మీదే ఉండేది. అది దిగబోతుండగా నొక్కాను. నా చీమ లేచింది. తట్టింది. బంతి నావైపు వచ్చింది.

నేను వేసిన కేకకు టీవీ మీది ప్లాస్టిక్ పూలకుండీ కిందపడింది. వీధిలో రిక్షా ఆగింది. వాడి భార్య టీ గ్లాసుతో పరిగెత్తుకొచ్చింది.

"ఏమైందన్నా?"

"గెలిచినానమ్మా!"

"ఆటా?"

"ఆట కాదు, మొదలు!"

ఆమె నన్నూ టీవీనీ మార్చి మార్చి చూసి, టీ గ్లాసు దూరంగా పెట్టి వెళ్లిపోయింది.

వాడు వచ్చేదాకా గుమ్మంలోనే నిలబడ్డాను. వాడి ముఖంలో ఏం చూడబోతున్నానో ముందే తయారుచేసుకున్నాను. మొదట నమ్మడు. తర్వాత, పెట్టెను గెలవడం ఒక గెలుపా అంటాడు. ఆ తర్వాత నవ్వు తెచ్చిపెట్టుకుంటాడు, దాని వెనక చిన్నగా పొగ. ఆ పొగ ఒక్కటీ చూస్తే చాలు, నా బతుకు సార్థకం.

చెప్పాను.

"గెలిచినావా!" వాడు నన్ను గుమ్మంలోనే కావిలించుకున్నాడు. "చెప్పలా నేను, దిగేటప్పుడు తట్టమని!" పక్కింటి గోడ మీదుగా కేకేసి ఎవరికో చెప్పాడు. పిల్లల్ని పిలిచి, "మామ గెలిచినాడు, సలాం చెయ్యండి," అన్నాడు. లోపలికి కేకేసి సేమ్యా చెయ్యమన్నాడు. నేను కస్టమ్స్ అధికారి పెట్టె వెతికినట్టు వాడి ముఖమంతా వెతికాను. కనుబొమల కింద వెతికాను, నవ్వు మూలల్లో వెతికాను. ఏమీ దొరకలేదు.

"నీకేమీ అనిపించలా?" అన్నాను.

"ఏమనిపించాల?"

"నేను గెలిస్తే."

వాడికి ప్రశ్న అర్థం కాలేదు. "బాగుండాదిరా. ఒక్కతూరన్నా తట్టరా నాయనా అని స్కూల్లో నించి అనుకుంటా ఉండా. నీ మొగం చూడలేకపోతి."

ఆ క్షణంలో వాడి మీద పుట్టినంత అసూయ అంతకుముందు ఎప్పుడూ పుట్టలేదు. ఎగరడం నేర్చుకోవచ్చు. ఎదుటివాడు ఎగిరితే చప్పట్లలో విషం లేకుండా కొట్టడం వాడికి ఎవరు నేర్పారో, నాకెందుకు నేర్పలేదో! సేమ్యా వచ్చింది. వాడు తన గిన్నె పక్కన పెట్టి, నేను గెలిచిన సంగతి ఇంటికొచ్చిన పక్కింటాయనకు మళ్లీ మొదటి నుంచి చెబుతున్నాడు, నాకంటే బాగా చెబుతున్నాడు. నేను తిన్నాను. దీన్లోనైనా వంక దొరుకుతుందేమో, జీడిపప్పు తక్కువ వేశారేమోనని గిన్నె అడుగుదాకా వెతికాను. అడుగున కూడా ఉంది.